దేవుడు లేని పేరు

మీ పేరుకి అర్థం ఏమిటో మీకు తెలుసా? తెలుసనే అంటారు. ఎవరు చెప్పారు మీకు? అమ్మో నాన్నో చెప్పి ఉంటారు. వాళ్ళు ఉన్నది ఉన్నట్టు మొత్తం చెప్పారనడానికి రుజువేమిటి? ఇలాంటి ప్రశ్నలు అడగడమే నా పని. నరసరావుపేట నుంచి కందుకూరు దాకా ఎన్ని సభల్లో ఎంతమందిని నిలదీశానో నాకే గుర్తులేదు. తాయెత్తు కట్టుకున్నవాణ్ణి అడిగాను, ముహూర్తం పెట్టినవాణ్ణి అడిగాను, కుంటివాణ్ణి నడిపిస్తానని మైకు పట్టుకున్న బోధకుణ్ణి అడిగాను. నా సొంత చెల్లెలి పేరు గురించి మాత్రం ఇన్నేళ్ళలో ఎవర్నీ ఏమీ అడగలేదు. నాన్న చెప్పాడు, నమ్మాను. నేను జీవితమంతా వెక్కిరించిన భక్తులు చేసేదీ సరిగ్గా ఇదే.

మా చెల్లెలి పేరు నూరియా. మాది పర్చూరుకు ఆరు మైళ్ళ దూరంలో ఉన్న నల్లరేగడి ఊరు. మిరప, పత్తి, పొగాకు తప్ప ఇంకో ఊసు లేని చోట ఆడపిల్లకి ఈ పేరేమిటని అడగనివాళ్ళు లేరు. బడికి కొత్తగా వచ్చిన ప్రతి పంతులూ హాజరు పట్టీ మీంచి తలెత్తి, "మీరు సాయిబులా అమ్మా?" అనేవాడు. ఒంగోల్లో ట్రైనింగు చదివేటప్పుడు ఒక ఇంటావిడ గది చూపించి, తాళం చేతిలో పెట్టబోతూ పేరు అడిగి, "అయ్యో, మా తమ్ముడు వస్తానన్నాడమ్మా, మర్చిపోయాను" అని తాళం వెనక్కి తీసుకుంది. పల్లెలో చర్చికి వెళ్ళేవాళ్ళు తమ మనిషే అనుకుని వందనాలు చెప్పేవారు. మా ఊరి ముసలమ్మలు నోరు తిరక్క నూరమ్మ అనేశారు. అందరికీ నాన్న జవాబు ఒక్కటే. "అది ఒక లోయ పేరు. దాంట్లో దేవుడు లేడు, కులం లేదు. అందుకే పెట్టాను."

పోయిన నెలలో ఒక రోజు పొద్దున్నే మా గుంటూరు ఇంటి ముందు కారు ఆగింది. అందులోంచి మా ఊరి డాన్యూబు దిగాడు. ఇతనికీ పేరు పెట్టింది నాన్నే. ఐరోపాలో పారే నది పేరు; ఊరంతా డేనుబాబు అంటుంది. మిర్చి యార్డులో కమిషన్ వ్యాపారం చేస్తాడు. వెనక సీట్లోంచి ముప్పై ఏళ్ళు కూడా లేని తెల్లపిల్ల దిగింది.

"అన్నా, ఈ పిల్ల ఫొటో పట్టుకుని ఊళ్ళోకొచ్చి ఇంటింటికీ తిరుగుతోంది. చూస్తే మన మాస్టారి ఫొటో. తీసుకొచ్చేశా. దారంతా ఇంగ్లీషు మాట్లాడింది, నేను ఎస్సు ఎస్సంటా వచ్చా. ఏం ఒప్పుకున్నానో ఏమో, నువ్వే కనుక్కో" అన్నాడు.

ఆ పిల్ల పేరు మార్తా. చేతిలో ఉన్న ఫొటోలో పందిరి, పందిరి కింద బల్ల, బల్ల మీద పొత్తిగుడ్డల్లో నెలల పిల్ల. పక్కన నల్లబల్ల మీద సుద్దముక్కతో రాస్తున్న నాన్న. అటువైపు, ఎండకి ముక్కు కమిలిపోయి నవ్వుతున్న ఒక విదేశీ యువతి. ఆమె అసలు నూరియా; మా చెల్లెలికి పెట్టింది ఆమె పేరే. మార్తాకి అమ్మమ్మ అక్క. ఈ చలికాలంలో పోయిందట. ఆమె పెట్టెలో ఈ ఫొటో దొరికిందట, అంచున మా ఊరి పేరుతో.

అప్పుడు మా ఇంట్లో లోపలి గదిలో మా చెల్లెలు పడుకుని ఉంది. ఆపరేషన్‌కి ఇంకా మూడు రోజులుంది. గర్భసంచిలో గడ్డ. తీసి పరీక్షకి పంపితే గానీ అదేమిటో చెప్పలేమన్నారు డాక్టరు గారు. వినుకొండలో ఆమె, మా బావ ఇద్దరూ టీచర్లుగా చేసి, అక్కడే ఇల్లు కట్టుకున్నారు. ఆస్పత్రి దగ్గరని వారం ముందే ఇక్కడికి తెచ్చుకున్నాం. పిల్లల్లేరు వాళ్ళకి. ఒక్క కాన్పు కూడా ఎరగని ఆ సంచిని ఇప్పుడు కోసి తీసెయ్యాలి. ఈ మాట రాయడానికి నాకు చాలాసేపు పట్టింది.

ఆ ఫొటో దగ్గరికి వెళ్ళాలంటే ముందు ఊళ్ళోని మా పాత ఇంట్లోకి వెళ్ళాలి. మాది రెండు వాకిళ్ళ ఇల్లు. ముందు వాకిలి నాన్నది. అక్కడ నులక మంచం, చెక్క కుర్చీలు, పత్రికల కట్టలు, ఎప్పుడూ ఎవరో ఒకరి వాదన. గడ్డం గీసుకుంటూ కూడా వాదించేవాడు నాన్న. సగం నురగ, సగం దేవుడు లేడనే నిరూపణ. వెనక వాకిలి అమ్మది. అక్కడ మాట వినిపించేది కాదు, పని వినిపించేది. మాఘమాసం నుంచి ఎండాకాలం దాకా కల్లంలో మిరపకాయలు ఎర్రగా పరిచి ఉండేవి. గాలి ఇటు తిరిగితే ఇల్లంతా దగ్గు. కాయలకి తొడిమలు తీసి వచ్చిన అమ్మ చేతులు మంటెత్తితే నువ్వుల నూనె రాసుకుని, వేళ్ళు విడిగా చాపుకుని గోడకానుకుని కూర్చునేది. ఆ చేతులతో నన్ను ముట్టుకునేది కాదు. ముద్దు చెయ్యాలంటే మోచేత్తో దగ్గరికి లాక్కునేది. పత్తి ఇంటికొచ్చిన రోజుల్లో రెండు గదులు దూలాల దాకా పత్తితో నిండేవి. దాని మీద పడుకుంటే వేడిగా, పచ్చిగా, గింజ వాసన. ఇప్పుడు కాయలు చేల నుంచి నేరుగా కోల్డ్ స్టోరేజికి పోతున్నాయి. మా ఊళ్ళో దగ్గు తగ్గింది. మంచిదే. వాసన పోయిందని ఏడ్చే రకం కాదు నేను. కానీ ఆ రెండు వాకిళ్ళ మధ్య ఉన్న గోడ ఎంత మందమో అప్పుడు నాకు తెలియలేదని మాత్రం చెప్పుకోవాలి.

పేర్లు పెట్టడం నాన్న ఉద్యమం. బడిలో హెడ్మాస్టరు, పైగా హేతువాది. పురోహితుణ్ణి పిలవకుండా పేరు పెట్టించుకోవాలనుకున్నవాళ్ళు చుట్టుపక్కల పది ఊళ్ళ నుంచి మా ముందు వాకిలికి వచ్చేవారు. ఆయన దగ్గర ఒక నోటుపుస్తకం ఉండేది. అందులో పనికొచ్చే పేర్లకంటే కొట్టేసినవే ఎక్కువ. లక్ష్మి, దేవత పేరు, కొట్టేశాడు. సుజాత, మంచి జాతిలో పుట్టినదని అర్థం, కొట్టేశాడు. భాస్కర్, సూర్యుణ్ణి దేవుణ్ణి చేశారు కాబట్టి కొట్టేశాడు. ఇలా కొట్టుకుంటూ పోయేసరికి తెలుగులో పేర్లు అయిపోయాయి. భూగోళ పటం తీశాడు. డాన్యూబు అలా పుట్టినవాడే. నా విషయంలో ఆలస్యమైపోయింది. నాన్న హేతువాది అయ్యేలోపే నేను పుట్టడం, తాత నాకు వెంకటేశ్వర్లు అని పెట్టడం, బడిలో రాయించడం కూడా అయిపోయాయి. నాస్తిక సభల్లో "ఇప్పుడు వెంకటేశ్వర్లు గారు దేవుడు లేడనే అంశంపై మాట్లాడతారు" అన్నప్పుడల్లా జనం ఘొల్లుమనేవారు. అందుకే రెండో బిడ్డ విషయంలో నాన్న పట్టుదలగా ఉన్నాడు.

అమ్మ కడుపుతో ఉన్న ఏడే సముద్రం ఒడ్డు పల్లెల మీద ఉప్పెన పడింది. నాకప్పుడు పదేళ్ళు. బతికి బయటపడ్డవాళ్ళని మా బడిలో ఉంచారు. ఎక్కడెక్కడి నుంచో సహాయం చేసేవాళ్ళు వచ్చారు. వాళ్ళలో ఒక నర్సు మా ఇంట్లో దిగింది. కారణం ఆదర్శమేమీ కాదు, ఊళ్ళో మరుగుదొడ్డి ఉన్న ఇల్లు మాదొక్కటే. స్పెయిన్ దేశం అన్నారు. ఆమె మాత్రం కాదు, కాటలోనియా అనేది. నాన్న పటంలో వెతికితే కనపడలేదు. "విడి దేశం కాదు, కానీ మా భాష వేరు" అని తనకొచ్చిన కాస్త ఇంగ్లీషులో చెప్పేది. ఆరునెలలు ఉంది. మిరపకాయల ఘాటుకి తుమ్మి తుమ్మి కళ్ళు ఎర్రబడేవి. అమ్మా ఆమే కలిసి మా పెద్ద ఇత్తడి గుండిగలో బడిలో ఉన్నవాళ్ళందరికీ గంజి కాచేవారు. అమ్మకి ఇంగ్లీషు రాదు, ఆమెకి తెలుగు రాదు. అయినా వెనక వాకిట్లో ఇద్దరూ పొద్దస్తమానం మాట్లాడుకునేవారు. ఏం మాట్లాడుకునేవారో నాన్న అడగలేదు. నేనూ అడగలేదు. గంజి కాచేవాళ్ళ మాటలు మాకెందుకు?

చెల్లెలు పుట్టిన మూడో నెలలో బడి ఆవరణలో నామకరణ సభ జరిగింది. పురోహితుడు లేడు, బారసాల లేదు. అధ్యక్షుడు, వక్తలు, మైకు, పిల్లలకి నారింజ బిళ్ళలు. నాన్న లేచి, మన కోసం సముద్రాలు దాటి వచ్చిన ఈ మనిషి పేరు నా కూతురికి పెడతాను అన్నాడు. అని, నియమం నియమమే కాబట్టి, అందరి ముందూ ఆమెను ఇంగ్లీషులో అడిగాడు: "మీ పేరుకి అర్థమేమిటి? అందులో దేవుడున్నాడా?" ఆమె కొంచెంసేపు ఆగింది. అమ్మ వైపు చూసింది. తరువాత చేతుల్తో కొండలు చూపించింది, లోయ చూపించింది, మే మే అని గొర్రెలా అరిచింది. జనం నవ్వారు. నాన్న మైకులో గర్జించాడు: "కొండ! లోయ! గొర్రెలు! దేవుడు లేడు!" చప్పట్లు. నల్లబల్ల మీద తెల్లటి అక్షరాలు పడ్డాయి. మార్తా తెచ్చిన ఫొటో ఆ క్షణానిదే.

ఇప్పుడు మా చెల్లెలికి నేను చేసింది చెప్పాలి. పెళ్ళి కూడా సభలోనే జరిగింది, దండలు మార్చుకుని. బావ మంచివాడు. ఆరేళ్ళు గడిచినా పిల్లలు కలగలేదు. అత్తగారు హేతువాది కాదు. ఆమె మాటలు ఎలా ఉండేవో నాకు తెలుసు. తెలిసీ, ఆమె మూఢత్వం మీద ఉపన్యాసం ఇచ్చి చేతులు దులుపుకున్నాను. ఆ రోజుల్లోనే వినుకొండ వైపు ఒక కొండ మీద తిరునాళ్ళలో, పిల్లల్లేని ఆడవాళ్ళు చీరచెంగు చింపి చెట్టుకి ఉయ్యాల కట్టే చోటికి మేం పదిమందిమి కరపత్రాలు పట్టుకుని వెళ్ళాం. ఆ చెట్టు కింద వరసలో మా చెల్లెలు నిలబడి ఉంది. కొమ్మకి ముడేస్తున్న చేతిలో గుడ్డ ముక్క. ఆ గుడ్డ అమ్మ ఆకుపచ్చ నేత చీర అంచు, నేను గుర్తుపట్టాను. మా వాళ్ళందరూ చూస్తుండగా, "నువ్వు కూడానా?" అన్నాను. అది నన్ను చూడలేదు. అప్పటికే కట్టిన ముడిని తనే విప్పుకుని, గుడ్డ మడతపెట్టి సంచిలో పెట్టుకుని కొండ దిగిపోయింది. వారం తిరక్కుండా నేను వ్యాసం రాశాను: 'హేతువాది ఇంట్లో ఉయ్యాల'. పేరు రాయలేదు గానీ తెలియనివాళ్ళెవరు? చదువుకున్న ఆడవాళ్ళు కూడా ఎలా లొంగిపోతారో, వాళ్ళే ఉద్యమానికి ఎలా ద్రోహం చేస్తారో మండిపడుతూ రాశాను. గొప్ప పేరొచ్చింది. నాన్న ఆ పేజీ కత్తిరించి దాచుకున్నాడు. ఆ తరువాత చెల్లెలు ఇంటికొచ్చినప్పుడు నాకు అన్నం పెట్టింది, మామిడికాయ పప్పు వేసింది, నెయ్యి వడ్డించింది. ఒక్క మాట అనలేదు. అనకపోతే ఒప్పుకున్నట్టే అనుకున్నాను. వాదనలో అవతలివాడు మాట్లాడకపోతే గెలిచినట్టే కదా మాకు.

మార్తా వచ్చిందని తెలిసి చెల్లెలు గోడ పట్టుకుంటూ ముందు గదిలోకి వచ్చింది. ఆ పిల్ల లేచి, మా చెల్లెలి రెండు చేతులూ పట్టుకుని, "నూరియా" అంది. ఆ పేరు సరిగ్గా పలకడం ఎలాగో మా ఇంట్లో ఎవరికీ ఇంతవరకూ తెలియదని అప్పుడు అర్థమైంది. నేను మధ్యలో కూర్చున్నాను. చెల్లెలు లెక్కల టీచరు, ఇంగ్లీషు చదువుతుంది, కానీ ఆ పిల్ల యాస అందదు. అందుకని దుబాసీ పని నాది. మార్తా ఫొటో తిప్పింది. వెనక సిరాతో నాలుగు వరసలు, వాళ్ళ భాషలో. చదివి ఇంగ్లీషులో చెప్పింది.

"ఈ రోజు ఒక పాపకి నా పేరు పెట్టారు. దానిలో దేవుడున్నాడా అని తండ్రి అడిగాడు. ఆయన ముఖంలో సంతోషం చూసి చెప్పలేకపోయాను. కొండ అన్నాను. తల్లికి మాత్రం చెప్పాను. ఆమె నా నోటి మీద చెయ్యి పెట్టి నవ్వింది."

ఆ తరువాత మార్తా చెప్పింది విన్నాను. నూరియా అనేది కొండల మధ్య ఒక లోయ, నిజమే. కానీ ఆ లోయలో మేరీమాత గుడి ఉంది. పేరు ఆ లోయదీ, ఆ తల్లిదీ కూడా. ముఖం నల్లబడిన చిన్న కొయ్య బొమ్మ. ఎప్పుడో ఒక సన్యాసి ఆ కొండల్లో ఉండి, గంట కొట్టి గొర్రెల కాపరుల్ని పిలిచి, కుండలో వండి పెట్టేవాడట. ఆ గంట, ఆ కుండ ఇప్పటికీ గుడిలో ఉన్నాయంటారు. పిల్లలు లేని ఆడవాళ్ళు అక్కడికి వెళ్ళి, ఆ కుండలో తల పెట్టి గంట మోగిస్తారు. మోగితే కడుపు పండుతుందని నమ్మకం. మార్తా ఫోనులో చూపించింది. ఒక ఆడమనిషి నవ్వుకుంటూ వంగి కుండలో తల దూర్చుతోంది. పైన గంట మోగుతోంది.

ఇంకో సంగతి కూడా చెప్పింది. ఆ నర్సు పుట్టిన రోజుల్లో వాళ్ళ నేలని ఏలినవాడు వాళ్ళ భాషలో పిల్లలకి పేర్లు రాయనిచ్చేవాడు కాదట. గుళ్ళ పేర్లని మాత్రం కాదనలేక వదిలేశాడు. ఆమె తండ్రి బట్టల మిల్లు కార్మికుడు, చర్చి గడప తొక్కనివాడు. తన భాష మాట ఒక్కటైనా సర్కారు కాగితం మీద ఉండాలని కూతురికి ఆ తల్లి పేరు పెట్టాడు. అసలు ఆ మాట ఎక్కడ పుట్టిందో పండితులకే తేలలేదట. కొండల మధ్య చోటు అని కొందరు, అరబ్బీలో వెలుగు అనే మాటకి చుట్టమని కొందరు. అక్కడొక తండ్రి ప్రభుత్వాన్ని ఎదిరించడానికి దేవత పేరు పట్టుకున్నాడు. ఇక్కడొక తండ్రి దేవుణ్ణి ఎదిరించడానికి అదే పేరు పట్టుకున్నాడు. ఇద్దరూ కూతుళ్ళని అడగలేదు. వేరే రోజైతే దీని మీద నేను నాలుగు వ్యాసాలు రాసేవాణ్ణి.

చెల్లెలు నా వైపే చూస్తోంది. నేనేం చెప్పాలి? మూడు రోజుల్లో ఆ సంచిని తీసెయ్యబోతున్న మనిషికి, నీ పేరంటేనే పిల్లల కోసం మొక్కుకునే చోటు అని చెప్పనా? సత్యం ఎవరి బాధ కోసమూ ఆగకూడదని నలభై ఏళ్ళు అరిచిన నోరు ఇది.

"కొండ అంట, లోయ అంట. గొర్రెలు మేస్తాయంట" అన్నాను.

"ఏంటన్నయ్యా, ఆ పిల్ల అరగంట చెప్పింది, నువ్వు మూడు ముక్కల్లో తేల్చేశావ్? సభలో అయితే మైకు లాక్కున్నా వదలవుగా."

"అంతేనమ్మా. మిగతాది వాళ్ళింటి సంగతులు."

"కుండ సంగతి చెప్పలేదా?"

నేను ఫొటో అటూ ఇటూ తిప్పాను. "పాట్ అంది, బెల్ అంది. ఆ మాత్రం నాకూ వచ్చులే" అని నవ్వింది. నవ్వితే పొత్తికడుపు నొప్పి వచ్చిందేమో, చేత్తో పట్టుకుంది. "నాకు ఎప్పుడో తెలుసు. అమ్మ చెప్పింది. గంజి కాచేటప్పుడు ఆవిడ గుండిగ చూపించి, మా ఊళ్ళో ఇట్టాంటి కుండ ఉంది అని సైగలు చేసి చెప్పిందంట. తలకాయ కూడా పెట్టి చూపించిందంట."

"నీకు ఎప్పుడు చెప్పింది?"

"పెళ్ళైన ఐదో ఏట. నాన్నా నువ్వూ ఒంగోలు సభకి పోయారు. అమ్మ అటక మీంచి గుండిగ దింపింది. చింతపండేసి తోమింది. గిత్త మెడ గంట ఉండేదిగా, మేకుకి? అది తీసింది. రావే నూరీ, తల పెట్టు అంది. ఏంటమ్మా నాన్నకి తెలిస్తే అన్నా. ఆ తల్లి పేరు పెట్టుకున్నాక నీకు సిగ్గేంటే, పెట్టవే అంది. పెట్టా. లోపలంతా ఇత్తడి వాసన. అమ్మ గంట కొట్టింది. చెవులు గింగిర్లెత్తినయ్యి."

"ఎన్నిసార్లు కొట్టింది?" ఎందుకడిగానో నాకే తెలియదు.

"రెండు. ఒకటి చాల్లే అమ్మా అన్నా. దానికి తోడొద్దా అంది." చెంగు సర్దుకుంది. "తల బయటికి తీసి చూసుకుంటే ఇద్దరికీ నవ్వాగలేదు. అమ్మ కింద కూలబడి మరీ నవ్వింది. నవ్వీ నవ్వీ ఏడ్చింది."

తలుపు దగ్గర నిలబడ్డ డేనుబాబు బయటికి వెళ్ళిపోయాడు. మార్తాకి ఒక్క ముక్క అర్థం కాలేదు. కానీ ఆమె కళ్ళు తడిశాయి. ఇంగ్లీషులోకి మార్చే బదులు ఆమెకి మంచినీళ్ళ గ్లాసు అందించాను.

ఆ సాయంత్రం వాళ్ళు వెళ్ళాక చెల్లెలి మంచం పక్కన కుర్చీ వేసుకున్నాను. "ఆ వ్యాసం..." అన్నాను.

"ఏ వ్యాసం? నువ్వు రాసినవి బండెడు."

"ఉయ్యాలది."

"అదా. అక్షరం తప్పు లేదులే దాంట్లో. ఉయ్యాల కడితే పిల్లలు పుట్టరు. కుండలో తల పెట్టినా పుట్టరు. లెక్కల టీచర్ని, నాకు తెలీదా?"

"మరెందుకు కట్టావమ్మా?"

నా వైపు తిరిగింది. "చూశావా, ఇప్పుడడిగావు. ఆ రోజు కొండ మీద 'నువ్వు కూడానా' అన్నావు. అది అడగడం కాదన్నయ్యా."

"ఇప్పుడు చెప్పు."

"ఏముంది చెప్పడానికి? గుంటూరు డాక్టర్లు చూసేశారు, హైదరాబాదు డాక్టర్లు చూసేశారు. మింగమన్నవి మింగా, పొడిచిన సూదులు పొడిపించుకున్నా. ఆయన్నీ చూపించాం. ఇంక చెయ్యడానికేం మిగల్లేదు. ఊరికే చేతులు ముడుచుకుని కూర్చోడం నావల్ల కాలేదు. చెట్టు కింద అందరూ నాలాంటోళ్ళే. ఒకావిడ ముడి ఎట్టా వెయ్యాలో చూపించింది. పేరడగలేదు, కులం అడగలేదు. ఎన్నేళ్ళైంది అంది, ఆరు అన్నా. నాకు తొమ్మిది అంది. అంతే. ఆ మాట అడగడానికి మనింట్లో మనిషి లేడు."

నా సిద్ధాంతం దగ్గర జవాబు ఉంది. అది ఇప్పటికీ ఉంది. ఇత్తడి గుండిగలో తల పెడితే బిడ్డ పుట్టదు. ఆ మాట నేను వెనక్కి తీసుకోను. ఒక స్త్రీ నిస్సహాయతని ఎవడో తిరునాళ్ళు చేసి బతుకుతుంటే ఇప్పటికీ నిలదీస్తాను. కానీ ఆ చెట్టు కిందికి మేం కరపత్రాలు తీసుకెళ్ళాం గానీ, ఇంకేమీ తీసుకెళ్ళలేదు. మూఢనమ్మకం చోట ఏం పెడతారని మమ్మల్ని ఎవరైనా అడిగితే విజ్ఞానం అనేవాళ్ళం. విజ్ఞానం చేతులెత్తేసిన చోట నిలబడ్డ మనిషి పక్కన కూర్చోవాలని మాకు తట్టలేదు. అది వెనక వాకిలి పని అనుకున్నాం. అమ్మ ఆ పని చేసింది. నమ్మి కాదు. కూతురు ఒంటరిగా ఉండకూడదని. నాన్న సిద్ధాంతాన్ని ఒక్కసారీ ధిక్కరించకుండా, కూతురు పేరులో ఏముందో చచ్చేదాకా ఆయనకి చెప్పకుండా, ఇంట్లో ఇద్దరు హేతువాదుల గౌరవాన్ని కాపాడింది. మేం సత్యం కోసం పోరాడుతుంటే, మా సంతోషం చెడకుండా మా నుంచి సత్యాన్ని దాచే పని ఆడవాళ్ళ మీద పడింది.

ఇక మా ఉద్యమం సంగతి. మరునాడు డేనుబాబు ఫోను చేస్తే, ఈమధ్య పుట్టిన వాళ్ళ మనవడికి ఏం పేరు పెట్టారని అడిగాను. "న్యూమరాలజీ ఆయన్ని అడిగి పెట్టామన్నా. ఇంగ్లీషులో ఒక అక్షరం ఎక్కువ వెయ్యమన్నాడు, కలిసొస్తుందంట. నువ్వు తిడతావని చెప్పలేదు" అన్నాడు. తిట్టలేదు. డేనుబాబు పేరు నల్లబల్ల మీద రాసిన మా నాన్న ఇప్పుడు లేడు. చప్పట్లు కొట్టినవాళ్ళ మనవలందరి పేర్లూ ఇప్పుడు ఎవడో అంకెలు కూడి చెబుతున్నాడు. ముందు వాకిలి ఓడిపోయింది. ఎందుకు ఓడిపోయిందో ఇప్పుడు నాకు కొంచెం తెలుస్తోంది.

ఆపరేషన్ జరిగింది. మూడు గంటలు పట్టింది. బావ కుర్చీలో కూర్చుని చేతులు నలుపుకుంటున్నాడు. ఆయన పక్కన కూర్చున్నాను. మామూలుగా అయితే ఏదో ఒకటి మాట్లాడేవాణ్ణి. గడ్డల గురించి, గణాంకాల గురించి, ధైర్యం గురించి. ఈసారి నోరు మూసుకున్నాను. చాలాసేపటికి ఆయనే, "బావా, ఉయ్యాల కట్టడానికి కొండకి తీసుకెళ్ళింది నేనే. కింద స్కూటర్ దగ్గర నిలబడ్డా. పైకి రావడానికి సిగ్గేసింది" అన్నాడు. ఇరవై ఏళ్ళు ఆయనా దాచుకున్నాడు. నేనంటే భయంతో.

తీసిన దాన్ని పరీక్షకి పంపారు. రిపోర్టు ఇంకా రాలేదు. ఈ పేజీలు రాస్తున్నప్పుడు చెల్లెలు పక్క గదిలో నిద్రపోతోంది. నేను ప్రార్థన చెయ్యను, చెయ్యలేను. నాకు ఎవరూ లేరు ఆ పైన. అయినా రోజుకి పదిసార్లు ఆమె మందుల డబ్బా తెరిచి, పొద్దుటి మాత్రలు, రాత్రి మాత్రలు బయటికి తీసి, మళ్ళీ అవే గళ్ళలో సర్దుతున్నాను. దానివల్ల రిపోర్టు మారదు. ఆ సంగతి నాకు తెలుసు. మా ఆవిడ చూసి కూడా చూడనట్టు వెళ్ళిపోతోంది. అదీ ఒక దయే.

మీరు నా పాఠకులు. నాలాగే వాదించడం నేర్చినవాళ్ళు, చాలామంది నాకంటే బాగా నేర్చినవాళ్ళు. మీ ఇంట్లో మీ వాదన ముందు మాట్లాడటం మానేసిన మనిషి ఒకరుంటారు. చెల్లెలో, భార్యో, తమ్ముడో, మీకు రోజూ అన్నం పెట్టే చెయ్యో. అది అంగీకారం కాదు. ఈ పుస్తకం ఇక్కడ మూసెయ్యండి. లేచి వాళ్ళ దగ్గరికి వెళ్ళండి. ఏమైందని అడగండి. చెబుతున్నంతసేపూ నోరు తెరవకండి. తప్పని తెలిసినా సరిదిద్దకండి. నేను రిపోర్టు కోసం కూర్చున్నాను, మీకింకా టైముంది. వెళ్ళండి.